తీరం ఖాళీ అయిన ఏప్రిల్

విశాఖపట్నం సముద్రపు ఒడ్డున షికారు పోయే యాత్రికునికి యుద్ధస్మృతుల కొరత లేదు. ఒడ్డున నిలిపి ఉంచిన ‘కుర్సురా’ జలాంతర్గామి లోపలికి ప్రవేశించి నావికుల ఇరుకు పడకలను చూడవచ్చు. 1971 డిసెంబరులో ఈ రేవు ముంగిట మునిగిపోయిన పాకిస్తాన్ జలాంతర్గామి ‘ఘాజీ’ కథను బండివాడు మొదలు బడిపిల్లవాని వరకు ఎవరైనా చెప్పగలరు. ఆ యుద్ధ విజయానికి గుర్తుగా ఒక స్మారకం కూడా అక్కడ వెలసింది. ఆ దారినే ఉన్న విశాఖ మ్యూజియంలో మరొక వస్తువు ఉంది. దానిముందు ఆగి చూసేవారు తక్కువ. అది 1942లో జపానువారు వేసిన, పేలని బాంబు. అది పేలకపోవడం అదృష్టమే గాని, దానితోపాటు ఒక తీరప్రాంతపు కథ కూడా వినబడకుండానే మిగిలిపోయింది. ఈ మాసం ఆ కథను పాఠకుల ముందుంచదలచాను.

అది 1942 ఏప్రిల్ 6, సోమవారం. ముందునాడు ఈస్టరు పండుగ. ఆనాడు బంగాళాఖాతంలో సంచరిస్తున్న ‘ర్యుజో’ అనే జపాను విమానవాహక నౌకనుండి లేచిన విమానాలు కాకినాడపైన, విశాఖపట్నంపైన బాంబులు వేసి వెళ్ళాయి. బ్రిటిషు ఇండియా ప్రధాన భూభాగంలో జపాను బాంబుల చవి చూసిన తొలి పట్టణాలు ఈ రెండే. కలకత్తాకు ఆ అనుభవం డిసెంబరులో గాని కలుగలేదు. ఆకాశంలో కనిపించినవి మన విమానాలో పరాయివో తెలియక, చేతులు కళ్ళకడ్డు పెట్టుకొని చూస్తూ నిలుచున్నామని ఆనాటి పెద్దలు చెబుతుండేవారు. నష్టం స్వల్పమే. విశాఖలో రేవు ప్రాంతం దెబ్బతిన్నది. కొందరు మరణించారు, మరికొందరు గాయపడ్డారు. లండను, రాటర్‌డాము నగరాలు అనుభవించిన దానితో పోలిస్తే ఇది లెక్కలోనికి రాదు. యుద్ధ చరిత్రలు వ్రాసిన పండితులు ఈ ఘటనకు ఒక వాక్యం కేటాయించి ముందుకు సాగిపోవడానికి కారణం ఇదే.

నిజానికి ఆ వారంలో అసలు యుద్ధం తీరానికి దూరంగా, నీటిమీద జరిగింది. అడ్మిరల్ నగుమో నాయకత్వంలోని పెద్ద నౌకాదళం ఏప్రిల్ 5న కొలంబోపైన, 9న ట్రింకోమలీపైన దాడిచేసి ‘డార్సెట్‌షైర్’, ‘కార్న్‌వాల్’ అనే రెండు క్రూజర్లను, ‘హెర్మిస్’ అనే విమానవాహక నౌకను ముంచింది. అదే సమయంలో అడ్మిరల్ ఒజావా నడిపిన మరొక దళం బంగాళాఖాతంలో ఒంటరిగా పోతున్న వర్తక నౌకలను వేటాడింది. కొద్ది రోజులలో 20కి పైగా ఓడలు, లక్ష టన్నులకు పైబడిన ఓడబలం, సముద్రగర్భంలో కలిసిపోయాయి. ‘ర్యుజో’ ఈ రెండవ దళంలోనిది. ఇవేవీ మన తీరవాసులకు అప్పుడు తెలియవు. సెన్సారు తెలియనిస్తే గదా! ఒడ్డున నిలిచినవారికి తెలిసింది ఒక్కటే: మార్చి 23న అండమాన్ దీవులు జపానువారి వశమైనాయి. అక్కడినుండి ఇక్కడికి నడుమ నీరు తప్ప మరేమీ లేదు.

బాంబులు పడిన నాటినుండి కొద్దిరోజులలో విశాఖ, కాకినాడ పట్టణాలు సగానికి సగం ఖాళీ అయినట్లు కనిపించాయని చూసినవారు చెప్పేవారు. ఎడ్లబండ్లమీద, రైళ్ళలో, కాలినడకను జనం లోపలి ఊళ్ళకు తరలిపోయారు. అధికారులు దీనికి పెట్టిన పేరు ‘పానిక్’, అనగా ఒట్టి గాభరా. తరువాత వ్రాసినవారు కూడా ఆ మాటనే పట్టుకొన్నారు. నాలుగు బాంబులకే పారిపోయిన పిరికిజనమని ఆక్షేపించినవారు మనలోనే లేకపోలేదు. ఈ తీర్పు అన్యాయమని నా అభిప్రాయం. ఆ జనానికి బాంబులంటే ఏమిటో తెలియక పారిపోలేదు. తెలిసే వెళ్ళారు. ఆ తెలివి వారికి రంగంనుండి వచ్చింది.

‘రంగం’ అంటే రంగూను. గంజాం మొదలు గోదావరి వరకు ఉన్న పల్లెలలో రంగం పోని కుటుంబం ఉండేది కాదన్నా అతిశయోక్తి కాదు. కరవు వచ్చినా, అప్పు పెరిగినా, అన్నదమ్ములు వేరుపడినా మగవాడు ఓడ ఎక్కేవాడు. కాకినాడ చెంతనున్న కోరంగి రేవునుండి పోయేవారు గనుక బర్మాలో తెలుగువారికి ‘కొరంగీలు’ అన్న పేరు స్థిరపడింది. రంగూను రేవులో మూటలు మోసినదీ, బియ్యపు మిల్లులలో చెమటోడ్చినదీ, వీధులలో రిక్షాలు లాగినదీ ఎక్కువగా వారే. 1931 జనాభా లెక్కలనాటికి ఆ నగరవాసులలో సగానికి పైగా భారతీయులు. వారు పంపే మనియార్డర్లమీద ఉత్తరాంధ్ర పల్లెలలో శిస్తులు చెల్లేవి, పెళ్ళిళ్ళు జరిగేవి.

1941 డిసెంబరు 23న రంగూనుపై తొలిసారి బాంబులు పడినప్పుడు, వింతగా ఆకాశంవైపు చూస్తూ వీధులలో నిలబడిన జనంలోనే చావులు ఎక్కువ. ఒక్క రోజులో వెయ్యికి పైగా మరణించారు. మరల క్రిస్మసునాడు దాడి. రేవుకూలీలు పనులు వదలి ప్రోము దారి పట్టారు. అప్పుడు ప్రభుత్వం ఏమి చేసింది? కూలీలు పోతే రేవు నిలిచిపోతుంది గనుక, భయం లేదని నచ్చజెప్పి వేలమందిని దారిలోనుండి వెనుకకు మళ్ళించింది. ఓడలలో డెక్కు టిక్కెట్టుతో పోగోరే భారతీయ పురుషులకు కొంతకాలం ఆంక్షలు విధించింది. రెండు నెలలు తిరుగకుండానే, ఫిబ్రవరి మూడవ వారంలో, నగరం ఖాళీ చేయవలసిందని అదే ప్రభుత్వం ఉత్తరువు జారీ చేసింది. చెరసాలల తలుపులు తెరిచారు, పిచ్చాసుపత్రి రోగులను వీధులలోనికి వదిలారు. మార్చి 8న జపాను సేనలు రంగూనులో ప్రవేశించాయి.

నమ్మి వెనుకకు తిరిగిన కూలీకి అప్పటికి ఓడ లేదు. మిగిలింది అడవిదారి. అరకాను కొండలమీదుగా చిట్టగాంగుకు, లేదా తమ్ము, ఇంఫాలు మీదుగా దిమాపూరు రైలుస్టేషనుకు లక్షలాది జనం నడిచారు. ఇండియా చేరినవారు నాలుగు లక్షలకు తక్కువ కాదు. కలరా, మలేరియా, ఆకలి వల్ల దారిలో రాలిపోయినవారు పదుల వేలు. తెల్లవారికి ఒక దారి, నల్లవారికి ఒక దారి కేటాయించారన్న ఆరోపణ ఆనాడు దేశమంతటా మారుమ్రోగింది.

ఈ విధంగా మరణించగా మిగిలినవారు 1942 ఫిబ్రవరి, మార్చి నెలలలో శ్రీకాకుళం, విశాఖ, గోదావరి పల్లెలు చేరుతూ వచ్చారు. కాళ్ళకు పుండ్లు, చేతిలో ఒక మూట. వారు తెచ్చిన వార్త ఏ పత్రికలోనూ అచ్చు కాలేదు. అది చాలా సులభమైన వార్త: బాంబు పడితే నిలబడి చూడవద్దు. భయం లేదని దొర చెబితే అసలే నిలబడవద్దు. ఏప్రిల్ 6 నాటికి తీరాంధ్రలోని ప్రతి వీధిలోనూ ఈ మాట విన్నవాడు ఒకడైనా ఉన్నాడు. మరి దానిని వదంతి అనవచ్చునా? ప్రత్యక్షంగా చూచినవాని సాక్ష్యమది.

ఇక దొరలు ఇక్కడ చేసినదేమో చూడుము. చెన్నపట్టణం మీద బాంబు పడలేదు. కాని జపాను సేనలు దిగబోతున్నవన్న తప్పుడు సమాచారాన్ని నమ్మి, సర్ ఆర్థర్ హోప్ గవర్నరుగా ఉన్న మద్రాసు ప్రభుత్వం తానే ముందుగా కదిలింది. కార్యాలయాలు లోపలి జిల్లాలకు, కొండలమీదికి పోయాయి. హైకోర్టు కోయంబత్తూరు చేరింది. తప్పనిసరి పని లేనివారు నగరం విడిచి వెళ్ళడం మంచిదని ప్రకటన వెలువడింది. బాంబులు పడితే బోనులు విరిగి బయటపడతాయన్న భయంతో జంతుప్రదర్శనశాలలోని క్రూరమృగాలను పోలీసులచేత కాల్పించారు. రంగూనులోనూ ఇదే జరిగింది. మృగాలను చంపారన్న వార్త విన్న పౌరునికి వేరే ప్రకటన అవసరమా? కొద్దిరోజులలో నగరంలోని బజారులు మూతపడ్డాయి.

మద్రాసు నగరానికి సముద్రపు భయం క్రొత్త కాదు. 1914 సెప్టెంబరు 22 రాత్రి ‘ఎమ్డెన్’ అనే జర్మను నౌక ఒంటరిగా వచ్చి, రేవులోని చమురు ట్యాంకులను గుండ్లతో తగులబెట్టి, తిరిగిపోయింది. దాని పేరు తమిళంలో జిత్తులమారికి, గడుసువానికి పర్యాయపదమై నిలిచింది. అప్పుడు కూడా జనం పారిపోయి కొన్నాళ్ళకు తిరిగివచ్చారు. అయితే ఆనాడు ప్రభుత్వం పారిపోలేదు. 1942కూ 1914కూ గల భేదం ఇదే.

విశాఖపట్నం సంగతికి వద్దాము. 1933లో ఆరంభమైన రేవు ఇంకా పసిది. అక్కడ వాల్‌చంద్ హీరాచంద్‌గారి సింధియా కంపెనీ తలపెట్టిన ఓడల కర్మాగారానికి 1941 జూన్ 21న బాబూ రాజేంద్రప్రసాద్ శంకుస్థాపన చేశారు. భారతీయుల పెట్టుబడితో భారతీయుల ఓడలు తయారు కావాలన్నది ఆ ప్రయత్నం వెనుకనున్న ఆశయం. ఏడాది నిండకముందే బాంబులు పడ్డాయి. యంత్రసామగ్రిని బొంబాయికి తరలించారు. మరల తెచ్చుకొని, పని సాగించి, ‘జల ఉష’ అనే ఓడను నీటిలోనికి దింపే నాటికి 1948 మార్చి వచ్చింది. దానిని ప్రవేశపెట్టినవారు ప్రధాని నెహ్రూ. వాల్తేరులోని ఆంధ్ర విశ్వవిద్యాలయం కూడా మూటాముల్లె సర్దుకొని గుంటూరుకు పోవలసివచ్చింది. ఆవరణ సైన్యం వశమైంది. ప్రయోగశాలలోని గాజు పరికరాలను గడ్డిలో చుట్టి రైలుపెట్టెలకు ఎక్కించడం ఎంతటి శ్రమయో ఊహించుకోవచ్చును. ఒక తరం విద్యార్థులకు వాల్తేరు డిగ్రీ గుంటూరులో లభించింది.

ఊళ్ళో మిగిలినవారి దినచర్య మారిపోయింది. వీధిదీపాలకు నల్లని కప్పులు వచ్చాయి. కిటికీ అద్దాలకు కాగితం అంటించాలి. రాత్రివేళ గీతంత వెలుతురు బయటికి పొక్కినా ఎ.ఆర్.పి. వార్డెను ఈల వేసేవాడు. బడి ఆవరణలలో కందకాలు త్రవ్వారు. వానాకాలం రాగానే అవి దోమలకు నిలయాలైనాయి. పెట్రోలు దొరకక బస్సులకు వెనుక ఒక బొగ్గుపొయ్యి తగిలించారు. ఎత్తు వచ్చినప్పుడు ప్రయాణికులు దిగి త్రోయడం టిక్కెట్టులోని షరతు వంటిదైపోయింది. ఇవన్నీ ఇప్పుడు చెప్పుకొంటే నవ్వు వస్తుంది. ఆనాడు కూడా నవ్వుకొనే ఉంటారు.

నవ్వు రాని సంగతి నాణేలది. పరిపాలనమీద జనానికి నమ్మకం పోయిందనడానికి తిరుగులేని గుర్తు నాణెం. 1942లో పోస్టాఫీసు సేవింగ్సు బ్యాంకులనుండి జనం డబ్బు తీసివేసుకొన్నారు. వెండి రూపాయలు భూమిలోనికి పోయాయి. చిల్లర మాయమైంది. 1940లోనే రూపాయిలో వెండిని సగానికి తగ్గించి, కాగితపు రూపాయిని ప్రవేశపెట్టిన ప్రభుత్వం, 1943లో కాణీకి నడుమ పెద్ద చిల్లి పెట్టి లోహం ఆదా చేసుకొంది. ఉంగరం వంటి ఆ కాణీని మొలత్రాటికి గ్రుచ్చుకొన్న పిల్లలు చాలాకాలం కనిపించారు. సర్కారువారి విలువ ఎంతవరకు దిగిందో అది చేతిలో పెట్టి చూపేది.

బర్మా పోవడంతో బర్మా బియ్యం కూడా పోయింది. ఏటా 15 లక్షల టన్నుల వరకు వచ్చే బియ్యం ఒక్కసారిగా నిలిచిపోయింది. గోదావరి, కృష్ణా డెల్టాలు మిగులు ప్రాంతాలు గనుక మన జిల్లాలు తట్టుకోగలిగాయి. ఇక్కడి ధాన్యం మలబారు వంటి లోటు ప్రాంతాలకు కూడా పోవలసివచ్చింది. రేషను, లెవీ, నల్లబజారు అన్న మాటలు తెలుగు పల్లెల నిత్యవ్యవహారంలోనికి వచ్చినది ఈ కాలంలోనే.

అదే సముద్రపు ఉత్తరపు ఒడ్డున పర్యవసానం ఘోరం. జపానువారు దిగితే వారికి చిక్కకూడదని వంగదేశపు తీర జిల్లాలలో ధాన్యాన్ని తరలించారు. పదిమందికి మించి మోయగల పడవలను పట్టుకొన్నారు. నమోదైన 66 వేల పైచిలుకు పడవలలో 40 వేలకు పైగా జనం చేయిదాటిపోయాయి. కొన్నింటిని విరిచారు, కొన్నింటిని ముంచారు. పడవ లేకపోతే అక్కడి రైతు పొలానికి పోలేడు, జాలరి వలవేయలేడు, కుమ్మరి కుండ సంతకు చేరదు. 1942 అక్టోబరులో మిద్నపూరును తుపాను ముంచెత్తింది. 1943లో కరవు వచ్చింది. విచారణ సంఘం మృతులు 15 లక్షలన్నది. తరువాత లెక్కించినవారు ఆ సంఖ్యను 30 లక్షల వరకు తీసుకొనిపోయారు. జపాను సైన్యం వంగతీరంలో అడుగు పెట్టనే లేదు. దిగని శత్రువు కోసం తీసుకొన్న జాగ్రత్తకు ఇంతమంది బలి అయినారు. విశాఖలో చనిపోయినవారి ప్రక్కన ఈ సంఖ్య పెట్టి చూస్తే, తీరవాసికి ఎవరివల్ల ఎక్కువ అపాయం కలిగిందో పాఠకులే నిర్ణయించుకోవచ్చు.

ఈ బాంబులు పడిన సమయంలో ఢిల్లీలో సర్ స్టాఫర్డ్ క్రిప్స్ మన నాయకులతో సంప్రదింపులు జరుపుతున్నారు. దేశరక్షణ బాధ్యత ఎవరి చేతిలో ఉండాలన్నదే అక్కడి ముఖ్యమైన చిక్కుముడి. తీరంమీద ఆ ప్రశ్నకు అర్థం బహు స్పష్టంగా కనిపిస్తున్న రోజులవి. చర్చలు ఆ వారాంతానికే విఫలమైనాయి. మద్రాసులో జరిగిన పలాయనాన్ని కళ్ళారా చూచిన రాజాజీ, రాష్ట్రంలో ప్రజాప్రభుత్వం తిరిగి ఏర్పడితే తప్ప జనానికి ధైర్యం రాదని వాదించారు. అందుకోసం లీగుతో రాజీకైనా సిద్ధపడాలని ఏప్రిల్ 23న మద్రాసు శాసనసభా కాంగ్రెసు పక్షంచేత తీర్మానం చేయించారు. ఫలితంగా కాంగ్రెసునుండే తొలగవలసివచ్చింది. ఆయన తీర్మానంతో ఏకీభవించనివారు కూడా ఆయన గుర్తించిన జబ్బును కాదనలేరు. గాంధీజీ తన శిష్యురాలు మీరాబెన్‌ను ఒరిస్సా తీరానికి పంపారు. జపానువారు నిజంగా దిగితే, ప్రభుత్వం విడిచిపోయిన జనం ఏ విధంగా నడచుకోవాలన్నది ఆమె అడిగిన ప్రశ్న. సహకరించవద్దు, లొంగవద్దు అన్నది ఆయన ఇచ్చిన సలహాలోని సారం. ప్రభుత్వం తమను విడిచిపోతుందన్నది ఇరువురికీ అప్పటికే సందేహం లేని విషయం. ఆగస్టులో ‘క్విట్ ఇండియా’ పిలుపు వచ్చినప్పుడు తెనాలిలో ఆగస్టు 12న పోలీసు కాల్పులకు ఏడుగురు బలియైనారు. ఏప్రిల్‌లో జనాన్ని కాపాడలేక తరలిపోయిన సర్కారుకు ఆగస్టులో జనంమీద కాల్చడానికి తుపాకులు దొరికాయని ఆనాటివారు అనుకొని ఉంటే తప్పు పట్టలేము.

మన తీరంలో సేనలు దింపాలన్న పథకం ఆ ఏప్రిల్‌లో జపాను నౌకాదళానికి లేదు. బ్రిటిషు నౌకలను తరిమి, ఓడల రాకపోకలు స్తంభింపజేసి తిరిగిపోవడమే వారి లక్ష్యం. పని ముగించుకొని పసిఫిక్ సముద్రానికి మరలిపోయారు. కొలంబోపై దాడి చేసిన విమానవాహక నౌకలలో మూడు జూన్‌లో మిడ్వే యుద్ధంలో మునిగిపోయాయి. విశాఖపై విమానాలను పంపిన ‘ర్యుజో’ ఆగస్టు 24న సాలమన్ దీవుల తూర్పున అంతమైంది. దాని పేరు గూడ వినని కాకినాడ వీధులలో అప్పటికింకా దీపాలకు నల్లకాగితాలే ఉన్నాయి.

మా అమ్మమ్మ కాకినాడ మనిషి. ఇత్తడి బిందెలను, గంగాళాన్ని పెరటిలో పాతిపెట్టి, ఇంటికి తాళం వేసి, బండిమీద మెట్ట ప్రాంతంలోని ఒక చుట్టపుటూరికి పోయారట. బండిలో చోటు లేక కాయలు కోయకుండానే మామిడిచెట్టును విడిచి వెళ్ళవలసివచ్చినందుకు ఆమె బాధపడేది. ఆ ఏడు ఆవకాయ పరాయి ఊరిలో, అరువు తెచ్చిన జాడీలో పెట్టారు. తిరిగివచ్చేసరికి శ్రావణమాసం. బిందెలు త్రవ్వి తీశారు గాని గంగాళం ఎక్కడ పాతారో తాతగారికి గుర్తు రాలేదు. రంగం నుండి నడిచి వచ్చిన పొరుగింటి మనిషి ఒకడు ఇంటి అరుగుమీద కూర్చుండి, “అమ్మా, మీరు పోయింది ఎంతదూరమని!” అని నవ్వేవాడట. అతని అన్న దారిలోనే ఆగిపోయాడు.